ఆట మనది... హక్కు ఎవరిది?

రెండు వారాల క్రితం జుమా నమాజు ముగించుకుని ఇల్లు చేరేసరికి ఎమ్మిగనూరు నుంచి మా చెల్లెలు వచ్చి కూర్చుని ఉంది. వెంట పదవ తరగతి చదివే కొడుకు. వాడి ఒళ్లో ఒక నల్లటి వీడియో గేమ్ డబ్బా, చేతిలో ఒక పెన్‌డ్రైవు. సలాములు, కుశల ప్రశ్నలు అయిన తర్వాత చెల్లెలు నేరుగా విషయానికి వచ్చింది.

"భాయ్, ఇందులో నలభై ఆటలు ఉన్నాయట. మీ ఆదోనిలోనే ఒక దుకాణంలో నింపించుకున్నాడు. ఆటకు ఇరవై రూపాయలు. పండక్కి పెద్దలిచ్చిన ఈదీ ఎనిమిది వందలూ దానికే పోశాడు. డబ్బు పోతే పోయింది. ఇట్లా నింపించుకోవడం జాయిజా, కాదా? అది చెప్పు."

కుర్రవాడు తల వంచుకునే, "అందరూ ఇట్లే చేస్తారు మామూ" అన్నాడు.

వీడియో గేములు పిల్లల సమయాన్ని తినేస్తాయని ఒక ఉపన్యాసం ఇచ్చి పంపించడం మాకు కష్టమేమీ కాదు. కానీ మా చెల్లెలు అడిగింది అది కాదు. ఆడటం మంచిదా చెడ్డదా అన్నది ఒక విషయం. ఆడే వస్తువు మన చేతికి ఏ దారిన వచ్చింది అన్నది మరో విషయం. రెండవదాని గురించి మన ఇళ్లలో మాట్లాడుకోవడం చాలా తక్కువ. మేము ముఫ్తీలం కాము. పిల్లలకు అరబీ, ఉర్దూ నేర్పుకునే ఉపాధ్యాయులం. తెలియని వస్తువు గురించి ముందుగా తెలుసుకోవాలి, ఆ తర్వాతే నోరు విప్పాలి అన్నది మాకు మా ఉస్తాదులు నేర్పిన మొదటి పాఠం. అందుకని చెల్లెలిని రెండు రోజులు ఆగమన్నాము.

డబ్బా లోపల జరిగేదేమిటి?

మరునాడు అస్ర్ నమాజు తర్వాత మేనల్లుడిని వెంటబెట్టుకుని ఆ దుకాణానికి వెళ్లాము. సెల్‌ఫోన్లు బాగుచేసే చిన్న గది అది. లోపల కూర్చున్న యువకుడిని చూసి గడప దగ్గరే నిలబడిపోయాము. పదిహేనేళ్ల క్రితం మా దగ్గర ఖాయిదా మొదలుపెట్టి నాజిరా ఖురాన్ పూర్తిచేసిన పిల్లవాడు! మమ్మల్ని చూడగానే లేచి, స్టూలు తుడిచి వేశాడు. చాయ్ తెప్పించాడు. వచ్చిన పని చెప్పాక ముఖం కాస్త చిన్నబోయింది. అయినా అడిగినవాటికి దాచకుండా జవాబిచ్చాడు. అతను చెప్పినదీ, ఆ తర్వాత మేము చదివి తెలుసుకున్నదీ కలిపి ఇక్కడ రాస్తున్నాము.

మా వయసు వారికి వీడియో గేమ్ అంటే 1990లలో టీవీకి తగిలించి ఆడిన క్యాసెట్ల డబ్బాయే గుర్తుకు వస్తుంది. జపాన్‌కు చెందిన నింటెండో కంపెనీ 1983లో ఫ్యామికాం అనే యంత్రాన్ని విడుదల చేసింది. ఆ రోజుల్లో మన బజార్లలో చవకగా దొరికిన డబ్బాలు ఎక్కువగా దానికి నకళ్లే. క్యాసెట్ మీద 9999 ఆటలు అని రాసి ఉండేది. పెట్టి చూస్తే కొద్ది ఆటలే పేర్లు మార్చుకుని మళ్లీ మళ్లీ వచ్చేవి. అంటే నకలు అన్నది మన ఇళ్లకు కొత్త చుట్టమేమీ కాదు.

1994 డిసెంబరులో సోనీ కంపెనీ జపాన్‌లో ప్లేస్టేషన్ అనే యంత్రాన్ని తెచ్చింది. అందులో ఆటలు సీడీల మీద వచ్చాయి. సీడీకి నకలు తీయడం సులభం కాబట్టి కంపెనీ ఒక ఉపాయం చేసింది. అసలు సీడీలో లోపలి వైపు గాడిని సన్నగా వంకరలు తిప్పి, ఆ వంకరలలో నాలుగు అక్షరాల గుర్తును దాచింది. జపాన్‌కు ఒక గుర్తు, అమెరికాకు ఒకటి, ఐరోపాకు ఒకటి. యంత్రం ముందుగా ఆ గుర్తును చూస్తుంది. కనబడకపోతే ఆట మొదలుపెట్టదు. ఇళ్లలో సీడీలు రాసే డ్రైవులు ఆ వంకరలను రాయలేవు. అప్పుడు కొందరు చిన్న చిప్‌ను యంత్రం బోర్డుకు వైర్లతో అతికించడం మొదలుపెట్టారు. డిస్కులో గుర్తు లేకపోయినా ఉన్నట్టుగా ఆ చిప్పే యంత్రానికి చెబుతుంది. లేని ముద్రకు దొంగ సాక్ష్యం పలకడమే దాని పని అన్నమాట.

మా మేనల్లుడి దగ్గర ఉన్నది దాని తర్వాతి యంత్రం. 2000 మార్చిలో జపాన్‌లో విడుదలైన ప్లేస్టేషన్ 2. ప్రపంచమంతటా 15 కోట్లకు పైగా అమ్ముడుపోయింది. దాని తయారీ నిలిచిపోయిన సంగతి 2013 జనవరిలో లోకానికి తెలిసింది. కొత్తవి రావడం లేదు కాబట్టి పాతవే చేతులు మారుతున్నాయి. ఈ యంత్రానికైతే చిప్ అతికించవలసిన అవసరం కూడా లేకపోయింది. తనకు సంబంధించిన సవరణలు ఏమైనా మెమరీ కార్డులో ఉన్నాయేమోనని స్విచ్ వేయగానే వెతికి చూసుకోవడం దీని అలవాటు. 2008లో బయటకు వచ్చిన ఫ్రీ ఎంసీబూట్ అనే ప్రోగ్రాము ఆ అలవాటునే ఆసరాగా తీసుకుంది. కార్డులో అది ఉంటే యంత్రం దానిని తన సొంత సవరణ అనుకుని నడిపిస్తుంది. అక్కడి నుంచి మరో ప్రోగ్రాము అందుకుని, డిస్కు లేకుండానే పెన్‌డ్రైవు నుంచి ఆటను మొదలుపెడుతుంది. చివరి మోడళ్లలో కంపెనీ ఈ దారిని మూసివేసింది గానీ అప్పటికే కోట్ల యంత్రాలు జనం ఇళ్లలో ఉన్నాయి.

ఆటలేమో ఇంటర్నెట్ నుంచి దిగుతాయి. పెన్‌డ్రైవులో ఒక్కొక్క ఫైలు నాలుగు జీబీని మించరాదు కాబట్టి పెద్ద ఆటలను ముక్కలు చేసి పెట్టాలి. యంత్రానికి ఉన్న యూఎస్‌బీ పాతకాలపు 1.1 రకం. అందువల్ల ఆట మధ్యలో సినిమాలా వచ్చే దృశ్యాలు ఆగి ఆగి కదులుతాయి. ఏ ఆట నడుస్తుంది, ఏది నడవదు అని ఒక్కొక్కటిగా చూసుకోవాలి. ఇంత పని ఉంది ఆ ఇరవై రూపాయల వెనుక.

గురువుకు శిష్యుడు వేసిన ప్రశ్న

"మేము తీసుకునేది మా కష్టానికి, కరెంటుకు, నెట్‌కు హజ్రత్. ఆటను మేము అమ్మడం లేదు" అన్నాడు మా శిష్యుడు.

"ఆట లేకుండా ఉత్త పెన్‌డ్రైవు ఇస్తే ఎనిమిది వందలు ఎవరైనా ఇస్తారా?" అని అడిగాము.

అతను నవ్వి ఊరుకున్నాడు. కొంచెం ఆగి తన మాట చెప్పాడు. అది తోసిపుచ్చదగిన మాట కాదు. "ఈ యంత్రాలు ఇరవై ఏళ్ల నాటివి. డిస్కు చదివే లెన్సు ముసలిదైపోయింది. డిస్కు వేస్తే చాలా యంత్రాలు చదవవు. పెన్‌డ్రైవు లేకపోతే పాత ఇనుప సామానుకు వేయవలసిందే. పైగా ఈ ఆటలను కంపెనీ ఇప్పుడు కొత్తగా తయారుచేసి దుకాణాలకు పంపడం లేదు. మిల్లులో పనిచేసేవాళ్ల పిల్లలు కొత్త యంత్రం ఎక్కడ కొంటారు, దాని ఆటలు ఎక్కడ కొంటారు? ఆ కంపెనీ ఎక్కడో జపాన్‌లో ఉంది. మన ఇరవై రూపాయలతో వాళ్లకు ఏం తగ్గిపోతుంది?"

ఆ తర్వాత ఇంకొక మాట అన్నాడు. చాలా మెల్లగా, కళ్లు దించుకుని అన్నాడు.

"హజ్రత్, కోప్పడకండి. మీ అల్మారాలో మిస్బాహుల్ లుగాత్ ఉండేది కదా, నల్ల అట్టది. అది జిరాక్స్ ప్రతే కదా?"

చాయ్ గ్లాసు మా చేతిలోనే ఉండిపోయింది. నిజమే. మౌలానా అబ్దుల్ హఫీజ్ బల్యావీ గారి అరబీ-ఉర్దూ నిఘంటువు అది. చదువుకునే రోజుల్లో కొనే స్తోమతు లేక, తోటి విద్యార్థులం నలుగురం డబ్బులు వేసుకుని ఒక ప్రతిని జిరాక్స్ తీయించి, అట్ట వేయించుకున్నాము. ముప్పై ఏళ్లుగా దానిలోనే పదాలు వెతుక్కుంటున్నాము. దాని మీద ఒక్కనాడూ మాకు సందేహం కలగలేదు. అందులో ఉన్నది ఇల్మ్ కదా అనుకున్నాము. పిల్లవాడు వినోదం కోసం చేసినది, మేము విద్య కోసం చేశాము. కానీ పుస్తకం రాసినవారికి, ముద్రించినవారికి చేరవలసినది చేరలేదన్న విషయంలో రెండింటికీ తేడా ఏమిటి?

ఆ రోజు శిష్యుడికి జవాబు చెప్పలేక లేచి వచ్చేశాము.

తాత మగ్గం

ఇంటికి వచ్చాక మేనల్లుడి పెన్‌డ్రైవులో ఉన్న ఆటల జాబితాను వాడితోనే చదివించుకున్నాము. కారు పందేలు, ఫుట్‌బాల్, కుస్తీలు, తుపాకుల ఆటలు. మధ్యలో దేశీ అడ్డా అనే పేరు వినబడింది. "ఇది మనదే మామూ. గోళీలు, గిల్లీదండా, కబడ్డీ, గాలిపటాలు ఉంటాయి" అని ఉత్సాహంగా చెప్పాడు.

వాడికి తెలియని సంగతి ఏమిటంటే, ఆ ఆటను తయారుచేసినది జపాన్‌లో కాదు, మన హైదరాబాద్‌లో. గేమ్‌శాస్త్ర అనే సంస్థ 2009లో ప్లేస్టేషన్ 2 కోసం దానిని చేసింది. అదే సంవత్సరం హైదరాబాద్‌కే చెందిన అరోనా టెక్నాలజీస్ అనే సంస్థ ఇదే యంత్రానికి హనుమాన్: బాయ్ వారియర్ అనే ఆటను తయారుచేసింది. ఇంటి వీడియో గేమ్ యంత్రాల కోసం మన దేశంలో తయారైన తొలి ఆటలలో అది ఒకటి. సోనీ యంత్రం చివరి రోజుల్లో, 2013లో, డాన్ 2 సినిమా ఆధారంగా వచ్చిన ఆట కూడా గేమ్‌శాస్త్ర చేసినదే. బొమ్మలు గీసినవారు, ప్రోగ్రాము రాసినవారు, తప్పులు వెతికినవారు, అందరూ జీతాల మీద ఇల్లు నడుపుకునే మనవంటి మనుషులే. వారి ఆట అమ్ముడుపోతేనే వారికి మరో ఆట చేసే అవకాశం. "ఎక్కడో జపాన్‌లో" అన్న మాట ఇక్కడ చెల్లదు. జపాన్‌వారైనా కష్టం కష్టమే అనుకోండి, అది వేరే సంగతి.

అయినా పిల్లవాడికి సమాధానం కుదరలేదు. "వాళ్ల ఆట వాళ్ల దగ్గరే ఉంది కదా మామూ. మేము తీసుకుంటే వాళ్లది పోలేదు కదా" అన్నాడు.

ఆ మాట వినగానే అంతవరకు మౌనంగా కూర్చున్న మా చెల్లెలు తల ఎత్తింది. "ఈ మాట మీ దాదా కూడా విన్నారు బేటా" అంది.

వాడి దాదా, అంటే మా చెల్లెలి మామగారు, ఎమ్మిగనూరులో మగ్గం నేసి కుటుంబాన్ని పోషించినవారు. ఎమ్మిగనూరు మగ్గాల చరిత్ర మన పాఠకులకు కొత్తది కాదు. మాచాని సోమప్ప గారు 1938లో అక్కడ చేనేత సహకార సంఘాన్ని స్థాపించారు. ఆ సేవకు 1954లో ఆయనకు పద్మశ్రీ లభించింది. నేసేవాడికి అతని చేతి విలువ దక్కాలి అన్నదే ఆ సంఘం పుట్టుకకు కారణం. మా చెల్లెలి మామగారు ఒక కొత్త అంచు డిజైను కోసం రాత్రిళ్లు కూర్చుని లెక్కలు వేసేవారట. దానికి మంచి గిరాకీ వచ్చింది. కొద్ది వారాలకే అదే డిజైను మరమగ్గం మీద నేసి సగం ధరకు బజారులో పెట్టారు. పైగా చేనేత అని చెప్పి అమ్మారు. ఈయన వెళ్లి అడిగితే ఆ వ్యాపారి ఏమన్నాడో తెలుసా? "నీ మగ్గం నీ ఇంట్లోనే ఉంది, నీ బట్ట నీ దగ్గరే ఉంది. నీదేం పోయింది పెద్దాయనా?"

"ఆ రోజు మీ దాదా అన్నం తినలేదు" అంది చెల్లెలు.

పిల్లవాడు మరి మాట్లాడలేదు. మేము కూడా ఇంతకంటే మంచి పాఠం చెప్పలేము.

ఆ బాధ ఒక్క ఇంటిది కాదు కాబట్టే 1985లో చేనేత రిజర్వేషన్ చట్టం వచ్చింది. చీర, లుంగీ, తువాలు, దుప్పటి వంటి 11 రకాలలో చట్టం చెప్పిన నేతను మరమగ్గాల మీద నేయరాదని దాని ప్రకారం నియమం ఉంది. నేతగాడి వస్తువును ఎత్తుకుపోవడం ఒక్కటే దొంగతనం కాదని, అతని పనితనాన్ని ఎత్తుకుపోవడం కూడా అన్యాయమేనని మన ప్రాంతం ఎప్పుడో ఒప్పుకుంది. మరి ఆట చేసినవాడి విషయానికి వచ్చేసరికి ఎందుకు మరచిపోతున్నాము?

ఉలమాల మాట

చేతికి తగలని వస్తువు మీద హక్కు ఉంటుందా అన్న ప్రశ్న మన ఫిఖ్‌హ్‌లో నిజంగానే చర్చకు వచ్చింది. పాత గ్రంథాలలో క్రయవిక్రయాలు అంటే ధాన్యం, బట్ట, పశువు, భూమి. ముద్రణ యంత్రాలు వచ్చాక గ్రంథ హక్కు అనే కొత్త మాట పుట్టింది. ఉపఖండంలోని పెద్ద ఉలమాలలో ఒకరైన ముఫ్తీ ముహమ్మద్ షఫీ గారు గ్రంథ హక్కును తనకు మాత్రమే అట్టిపెట్టుకోవడాన్ని అంగీకరించలేదు. విద్య వ్యాప్తికి అది అడ్డు అవుతుందన్నది ఆ అభిప్రాయం గలవారి ఆందోళన. ఆయన కుమారుడే అయిన ముఫ్తీ తఖీ ఉస్మానీ గారు కాలం మారిన తీరును చర్చించి, ఈ హక్కుకు విలువ ఉందన్న వైపు మొగ్గారు. తండ్రీ కుమారులు ఇద్దరూ ఆలిములే, ఇద్దరి ఉద్దేశమూ మంచిదే. అభిప్రాయం వేరయింది.

1988 డిసెంబరులో కువైట్‌లో జరిగిన అంతర్జాతీయ ఇస్లామీ ఫిఖ్‌హ్ అకాడమీ ఐదవ సమావేశం ఈ విషయంలో తీర్మానం చేసింది. వ్యాపార పేరు, ట్రేడ్‌మార్కు, రచన, ఆవిష్కరణ, వీటిపై హక్కులు వాటి యజమానులకు చెందినవని, నేటి వాడుకలో వాటికి ఆర్థిక విలువ ఏర్పడిందని, షరీఅత్ దృష్టిలో అవి రక్షింపబడినవని, వాటిని అతిక్రమించరాదని ఆ తీర్మాన సారాంశం. వీడియో గేమ్ కూడా రచన, ఆవిష్కరణ కలిసిన వస్తువే.

ఆదోని వాసులకు తూకం విలువ ఒకరు చెప్పనక్కరలేదు. పత్తి మార్కెట్ యార్డులో కాటా దగ్గర కిలో తేడా వస్తే రైతు ఎంత గొడవ పడతాడో మనం చూస్తూనే ఉంటాము. తూనికల మోసాన్ని హెచ్చరిస్తూ ఖురాన్‌లో ముతఫ్ఫిఫీన్ అనే సూరాయే ఉంది. మన పత్తికి పూర్తి తూకం అడిగే మనం, ఎదుటివాడి పనితనానికి సున్నా తూకం వేయడం న్యాయమేనా?

చట్టం ఏమంటుంది?

మన దేశంలో 1957 నాటి కాపీరైటు చట్టం ఉంది. కంప్యూటర్ ప్రోగ్రాములు దాని పరిధిలోకి 1984 సవరణతో వచ్చాయి. హక్కుదారుని అనుమతి లేకుండా నకళ్లు చేసి అమ్మితే 63వ సెక్షన్ ప్రకారం ఆరు నెలల నుంచి మూడేళ్ల వరకు జైలు, 50 వేల నుంచి 2 లక్షల రూపాయల వరకు జరిమానా. నకలు అని తెలిసి కూడా ఆ ప్రోగ్రామును వాడుకునేవారికి 63బి సెక్షన్ వర్తిస్తుంది. లాభం కోసం కాకుండా సొంతానికి వాడుకున్న సందర్భంలో జైలు లేకుండా జరిమానాతో సరిపెట్టే వీలు కోర్టుకు ఉంది.

2012లో 65ఎ అనే సెక్షన్ చేరింది. హక్కులను కాపాడటానికి పెట్టిన తాళాన్ని, ఆ హక్కులను ఉల్లంఘించే ఉద్దేశంతో విప్పితే రెండేళ్ల వరకు జైలు, జరిమానా అని అది చెబుతుంది. ఇక్కడ "ఉద్దేశం" అన్న మాటను గమనించాలి. నియ్యత్ గురించి మన పిల్లలకు మొదటి పాఠంలోనే చెబుతాము. చట్టం కూడా దానినే చూస్తోంది. మరో ముఖ్య విషయం, న్యాయంగా సంపాదించుకున్న ప్రోగ్రాము పాడైపోకుండా జాగ్రత్త కోసం ఒక ప్రతిని చేసి ఉంచుకోవడాన్ని అదే చట్టంలోని 52వ సెక్షన్ అనుమతిస్తుంది.

ఇతర దేశాలలోనూ ఇది ఒక్క మాటతో తేలలేదు. ప్లేస్టేషన్‌కు చిప్‌లు అమ్మిన ఒక వ్యాపారి మీద సోనీ వేసిన దావాలో 2005 అక్టోబరులో ఆస్ట్రేలియా హైకోర్టు వ్యాపారి పక్షాన తీర్పు ఇచ్చింది. మరుసటి సంవత్సరమే ఆ దేశం చట్టాన్ని మార్చుకుంది. అమెరికాలోనైతే 2022 ఫిబ్రవరిలో, వీడియో గేమ్ యంత్రాల తాళాలు విప్పే పరికరాలను అమ్మిన బృందంలోని ఒక కెనడా దేశస్థుడికి 40 నెలల జైలుశిక్ష పడింది.

మూడు పనులు వేరు వేరు

ఇవన్నీ చూశాక మాకు అర్థమైనది ఇది. "చిప్ వేయించడం", "లోడ్ చేయించడం" అని మనం ఒకే మాటగా చెప్పుకునే దానిలో మూడు పనులు కలిసి ఉన్నాయి. వాటిని విడదీసి చూడాలి.

మొదటిది, యంత్రాన్ని విప్పి మార్చుకోవడం. డబ్బు పెట్టి కొన్న యంత్రం మనది. చెడిపోయిన లెన్సుకు బదులు పెన్‌డ్రైవుతో నడిచేలా చేసుకుంటే ఎవరి సొమ్మూ తీసుకున్నట్టు కాదు. అయితే కొత్త యంత్రాలలో ఈ పని చేస్తే వారంటీ పోతుంది, ఆన్‌లైన్‌లో ఆడే వీలు కూడా పోవచ్చు. 2009 నవంబరులో మైక్రోసాఫ్ట్ కంపెనీ మార్పులు చేసిన ఎక్స్‌బాక్స్ 360 యంత్రాలను పెద్ద సంఖ్యలో తన ఆన్‌లైన్ సేవ నుంచి వెలివేసింది.

రెండవది, మనం కొన్న డిస్కునే పెన్‌డ్రైవులోకి ఎక్కించుకోవడం. డిస్కు మన ఇంట్లో ఉంది, దాని వెల చెల్లింది. గీతలు పడకుండా దాచుకుని, జాగ్రత్త కోసం చేసుకున్న ప్రతితో ఆడుకుంటున్నాము. ఇందులో మాకు దోషం కనిపించలేదు.

మూడవది, ఎవరో కొన్నదాన్ని ఎవరో నెట్‌లో పెడితే, దానిని దించుకుని వంద మంది పెన్‌డ్రైవులలో నింపడం. ఇక్కడే ఎదుటివాడి హక్కు పోతోంది. ధర ఎక్కువ అన్నది మన ఇబ్బంది. అది అతని తప్పు కాదు. రొట్టె దొరకనివాడి ఆకలి వేరు, ఆట దొరకనివాడి కోరిక వేరు. కంపెనీ అమ్మడం మానేసిన పాత ఆటల సంగతి కాస్త భిన్నమే. అక్కడ ఎవరికీ నష్టం లేదనే వాదనలో కొంత బలం ఉంది. అయినా అమ్మడం మానేయడం వేరు, హక్కు వదులుకోవడం వేరు. తాళం వేసిన ఇల్లు ఖాళీగా ఉన్నంత మాత్రాన మనది కాదు.

మరి బీదవాడి పిల్లలు ఆడుకోరాదా అంటే, దారులు ఉన్నాయి. వాడిన డిస్కులు కొనుక్కోవచ్చు. మొదటి యజమాని దానికి వెల చెల్లించి ఉన్నాడు, ఒకే డిస్కు ఒక చేతి నుంచి మరో చేతికి వస్తోంది, నకలు పుట్టడం లేదు. రెండు మూడు ఇళ్లవారు కలిసి తలా ఒకటి కొని మార్చుకుని ఆడవచ్చు. తయారుచేసినవారే ఉచితంగా ఇచ్చే ఆటలు కూడా ఉన్నాయి.

అట్ట పోయిన ఆట

ఈ విషయంలో తల్లిదండ్రులు గమనించవలసినది మరొకటి ఉంది. దుకాణంలో కొన్న ఆటకు అట్టపెట్టె ఉంటుంది. అమెరికాలో 1994 నుంచి, ఐరోపాలో 2003 నుంచి ఆటలకు వయసు గుర్తులు వేసే పద్ధతి ఉంది. ఐరోపా పెట్టెల మీద 3, 7, 12, 16, 18 అనే అంకెలు కనబడతాయి. ఇంగ్లీషు రాని తల్లి కూడా ఆ అంకెను చదవగలదు. పెన్‌డ్రైవులో నింపినప్పుడు ఆ పెట్టె ఉండదు, ఆ అంకె ఉండదు, పేర్ల వరుస మాత్రమే ఉంటుంది. మా మేనల్లుడి జాబితాలో 2004లో వచ్చిన జీటీఏ శాన్ ఆండ్రియాస్ ఉంది. ఐరోపా గుర్తు ప్రకారం అది 18 ఏళ్లు నిండినవారి ఆట. నలభైలో అది ఒకటని మా చెల్లెలికి తెలియదు. నింపిన మా శిష్యుడు పిల్లవాడి వయసు అడగలేదు. నకలు తీసేటప్పుడు తయారీదారుని హక్కుతో పాటు తల్లి కాపలా కూడా పోతోందని మాకు ఆ రోజే తెలిసింది.

ఇంటి నుంచే మొదలు

చెల్లెలు వెళ్లేలోగా మేనల్లుడు తనంతట తానే పెన్‌డ్రైవు ఖాళీ చేశాడు. వాడి దగ్గర రెండు అసలు డిస్కులు ఉన్నాయట, గీతలు పడినవి. వాటిని మాత్రం ఎక్కించి ఇవ్వమని మా శిష్యుడిని అడిగాము. ఒకటి చదివింది, రెండవది చదవలేదు. ఎనిమిది వందల ఈదీకి ఒక్క ఆట మిగిలింది. వాడి ముఖంలో బాధ లేదని మేము అబద్ధం చెప్పము. "మళ్లీ ఈదీ వచ్చినప్పుడు దేశీ అడ్డా పాత డిస్కు దొరికితే కొనుక్కుంటాను మామూ" అన్నాడు. ఎక్కడైనా దొరికితే తెచ్చి ఇస్తామని మాట ఇచ్చాము.

మా శిష్యుడిని దుకాణం మూసెయ్యమని మేము అనలేదు. అతని వెనుక తల్లి, ఇద్దరు చెల్లెళ్లు ఉన్నారు. లెన్సులు మార్చడం, జాయ్‌స్టిక్కులు బాగుచేయడం, సొంత డిస్కులు తెచ్చినవారికి ఎక్కించి ఇవ్వడం, ఇవన్నీ అతని చేతి కష్టం. వాటి కూలి పరిశుద్ధమైనది. నెట్ నుంచి దించి నింపడం గురించి మా అభిప్రాయం చెప్పాము. "ఆలోచిస్తాను హజ్రత్. కానీ నెలకు అందులోనే ఎక్కువ వస్తుంది" అన్నాడు. అబద్ధం చెప్పకుండా ఆ మాట అన్నందుకు సంతోషించాము. ఆ నష్టంలో కొంతైనా భరించే దారి చూడటం మన బాధ్యత కూడా. పాత యంత్రాలు, ఫోన్లు ఉన్న పాఠకులు కొత్తది కొనే ముందు ఇటువంటి కుర్రవాళ్ల దగ్గర బాగుచేయించుకుంటే అతని ఆలోచనకు బలం చేకూరుతుంది.

ఇక మిగిలింది మా అల్మారా. ఈ వారం మిస్బాహుల్ లుగాత్ కొత్త ప్రతి కోసం డబ్బు కట్టాము. జిరాక్స్ ప్రతి వెలను ముప్పై ఏళ్లు ఆలస్యంగా చెల్లించినట్టు భావించుకున్నాము. రసీదు తీసుకెళ్లి శిష్యుడికి చూపించాము. అతను దానిని రెండు చేతులతో అందుకుని చదివి, మళ్లీ మాకే ఇచ్చాడు. "ఇప్పుడు మీరు చెబితే వింటాను హజ్రత్" అన్నాడు.

పిల్లల పెన్‌డ్రైవులు వెతికే ముందు పెద్దలు తమ అల్మారాలు వెతుక్కోవాలి. జిరాక్స్ పుస్తకాలు, నకలు సినిమాలు, దొంగ సాఫ్ట్‌వేరు, అన్నీ అందులో ఉంటాయి. మనం సరిచేసుకున్న తర్వాత చెప్పిన మాటకే పిల్లల దగ్గర విలువ. అల్లాహ్ మన సంపాదననూ, మన వినోదాన్నీ పరిశుద్ధం చేయుగాక. ఆమీన్.